ఆవుల తర్వాత, నూనెకు ముందు

ముందుగాల రాయికి నీళ్లు పట్టాలె.
ఈతాకు చీపురుతో నాచు గీకాలె.
తడి కాగితం పరిచి బుర్రుసుతో తట్టాలె,
పసిపిల్లను జోకొట్టినట్టు కాదు,
జొన్నరొట్టె కొట్టినట్టు.
రోజుకు నాలుగు వందలు. సద్ది మనదే.

దేవరకొండ తొవ్వల, బత్తాయి తోటల నడుమ
కూలిన గుడికి ఎడమదిక్కు
ఇన్నేండ్లు బర్రెను కట్టేసిన బండ అది.
తాడు ఒరుసుకొని ఒరుసుకొని
నడుమ కొన్ని అచ్చరాలు అరిగిపోయినయ్.
మిగిలినవాటి మీద సిరాగుడ్డ అద్దుతుంటే
నల్లటి కాగితంల తెల్లగ లేస్తున్నయ్,
మా నీళ్లు తాగిన పిల్లల పండ్లోలె
గార పట్టకుండ, తెల్లగ.

పరంధాములు సారు అద్దాలు నొసటికెక్కించి చదివిండు:
సూర్యగ్రహణం నాడు
ఫలానా దొరసాని, తల్లికి పుణ్యంగా
దేవునికి ధారపోసినవి,
చెరువెనక రెండు మర్తుర్ల మడి,
గానుగ ఒకటి,
ఆవులు ఇరవై అయిదు,
మనుషులు ఏడుగురు,
ఆరని దీపానికి నూనె.

సారూ, మళ్లొకసారి.
మళ్ల చదివిండు.
ఆవుల తర్వాత, నూనెకు ముందు.

పేర్లున్నయా అంటే
కాగితం ఎత్తి ఎండకు పట్టిండు.
ఒక్కటున్నది, సగమే. చివర 'మి'.
ముందటిది బర్రెతాడు తిన్నది.
సోమి, రామి, భీమి, కామి,
ఏ పేరు పెట్టి పిలిచినా
నా నోట్లె ఎవరో ఒకరు 'ఓ' అన్నట్టే ఉన్నది.

మా ముత్తవ్వ ఈదమ్మ.
గడీల పెండ్లయితే
పందిరి మంచం, ఇత్తడి గంగాళం,
కోడెల జత, ఈదమ్మ,
అన్నీ ఒక్క బండ్లనే పోయినయ్.
పెండ్లిపిల్ల తొవ్వ పొడుగూత ఏడిస్తే
ఈమెనే ఊకుంచిందట.
ఈమెకు పదకొండేండ్లు.
ఈమె ఏడిస్తే ఎవరు ఊకుంచిన్రో
మా ఇంట్ల చెప్పే ముచ్చట్ల లేదు.

ఇరవై రెండో ఏట, ముసురుల, రాత్రి,
కడుపుల మా అవ్వను పెట్టుకొని
డిండి వాగు దాటింది.
గడీ చీర కట్టుకపోయిందని
దొంగతనం కట్టిన్రట.
చీరకు.

సారు కిందికి వచ్చిండు.
ఆఖరి వరుస మాత్రం ఎక్కడా అరగలే,
నిన్న చెక్కినట్టున్నది:
ఈ ఇచ్చినదాన్ని ఎవరు ఎత్తుకపోతరో
వాళ్లు అరవై వేల ఏండ్లు
పెంటల పురుగై పుడుతరు.

సిరాగుడ్డ కింద పెట్టిన.
మడిని ఎత్తుకపోవుడు ఎవరి తరం?
గానుగకు కాళ్లు లేవు.
ఆవు తప్పిపోయినా
పొద్దుమీకితే కొట్టానికే వస్తది.
ఇచ్చినవాటిల
తనను తాను ఎత్తుకపోయేది
మనిషి ఒక్కతే.
శాపం ఎవరి కోసం చెక్కిన్రో
అప్పుడు సమజైంది.

పోయిన్రా సారూ, ఏడుగురిల ఎవరన్నా?
రాయి మీద లేదన్నడు.
ఎందుకుంటది?
పోయినోళ్లు రాయిని మోసుకపోతరా.

సాయంత్రం ఆయన ఖర్చుల చిట్టీ రాస్తుండు:
బకెట్లు రెండు, కూలీలు ఇద్దరు, సిరా అర లీటరు.
నేను చూస్తున్న సంగతి చూసిండు.
కలం ఆగింది.
పేరేందమ్మా నీది, అన్నడు,
పదకొండు దినాలకు.

ఈదమ్మ, అన్న.
ఆమె పేరే నాకు పెట్టిన్రు.
దీర్ఘం ఇయ్యి సారూ, మంచిగ ఒత్తి రాయి.

నిన్నటి తొలకరికి చెలక అంతా
ఆరుద్ర పురుగులు లేసినయ్,
ఎర్రగ, మఖమల్ గుండీలోలె.
ఒకటి రాయెక్కింది.
శాపం వరుస మీద, తడి అచ్చరాల మీద
పడుతూ లేస్తూ పోతున్నది.
సారు తుడవబోతుంటే చెయ్యి అడ్డం పెట్టిన.
పోనీ సారూ.
యాడికి పోతదో పోనీ.